మంత్రాల కత్తి వెనకాల మన ఉక్కు

మంత్రాల కత్తి మన ఇండ్లలో కొత్త సంగతేమీ కాదు. ఉడుపి వైపు పుట్టిన బి. విఠలాచార్య తెలుగులో తీసిన జానపద సినిమాలను మన పెద్దవాళ్లు టెంటుల్లో నేల మీద కూర్చొని చూసినారు. ఇప్పటి పిల్లలు అదే ముచ్చటను ఇంగ్లీషులో చదువుతున్నారు. జార్జ్ ఆర్. ఆర్. మార్టిన్ నవలల్లో 'వలీరియన్ ఉక్కు' అని ఒకటుంది. వలీరియా అనే రాజ్యంలో డ్రాగన్ల మంటతో, మంత్రాలతో ఆ ఉక్కును చేసేవాళ్లట. ఆ కత్తి మీద నీటి అలల మాదిరి గీతలుంటాయి. దాని పదును పోదు. ఒక ప్రళయంలో వలీరియా నాశనమైపోయింది, ఆ విద్య కూడా దాంతోనే పోయింది. ఉన్న కత్తిని కరిగించి మళ్ళీ సాగగొట్టేవాళ్లు ఎక్కడో ఒకరిద్దరు ఉన్నారు గానీ, కొత్తగా చేసేవాళ్లు మాత్రం లేరు.

ఇట్లాంటి కథ మార్టిన్‌తో మొదలుకాలేదు. 1825లో వాల్టర్ స్కాట్ 'ది టాలిస్మన్' అనే నవల రాశాడు. అందులో ఇంగ్లండు రాజు రిచర్డు తన బరువైన కత్తితో ఇనుప గదను రెండు ముక్కలు చేస్తాడు. సలాదిన్ తన సన్నని వంపు కత్తితో పట్టు దిండును, ఆ తర్వాత గాలిలో తేలే ముసుగు గుడ్డను కోసి చూపిస్తాడు. ఎర్రగా కాలిన కత్తిని బానిస ఒంట్లో దించి చల్లారిస్తేనే ఆ బలం వస్తుందని ఇంకో కథ కూడా పడమటి దేశాల్లో చాలా కాలం తిరిగింది. దానికి ఏ ఆధారమూ లేదు.

ఈ కథలన్నిటిలో మూడు సంగతులు మళ్ళీ మళ్ళీ వస్తాయి: ఉక్కు మీద అలల గీతలు, మామూలు ఇనుముకు రాని పదును, ఎవరికీ తెలియకుండా పోయిన విద్య. ఈ మూడూ నిజంగా ఉన్న ఒక ఉక్కు లక్షణాలే. నాలుగోదైన మంత్రం మాత్రం దూరాన ఉన్నవాళ్లు కలిపింది. ఆ నిజమైన ఉక్కు మన దక్షిణాదిది. దాన్ని చేసిన చోట్లు మనం ఇప్పుడు బతుకుతున్న కర్ణాటకలో ఉన్నాయి, తమిళనాడులో ఉన్నాయి, తెలంగాణలో ఉన్నాయి. అందుకే దీన్ని కాస్త వివరంగా చెప్పుకోవాలనిపించింది.

మాట ఎక్కడిది

ఇంగ్లీషు పుస్తకాల్లో ఈ ఉక్కు పేరు 'వూట్జ్'. ఆ మాటకు ఇంగ్లీషులో అర్థం లేదు. 1790లలో బొంబాయిలో ఉన్న హెలెనస్ స్కాట్ అనే డాక్టరు కొన్ని ఉక్కు ముద్దలను లండన్‌లో సర్ జోసెఫ్ బ్యాంక్స్‌కు పంపించాడు. 1795లో జార్జ్ పియర్సన్ వాటిని పరీక్షించి రాయల్ సొసైటీ పత్రికలో వ్యాసం రాశాడు. అప్పటినుంచి 'వూట్జ్' అనే పేరే నిలిచిపోయింది. యూల్, బర్నెల్ 1886లో వేసిన 'హాబ్సన్-జాబ్సన్' నిఘంటువు దీన్ని రాతలో దొర్లిన తప్పుగా లెక్కవేసింది. ఎవరో 'వూక్' అని రాస్తే ఇంకెవరో 'వూట్జ్' అని చదివారని, అసలు మాట కన్నడ 'ఉక్కు' అని దాని లెక్క.

మా చదువంతా కన్నడ మీడియం. బడిలో 'ఉక్కు', ఇంట్లోనూ 'ఉక్కు'. రెండు భాషల్లో ఒకే మాట కాబట్టి ఇది ఎవరిదని తగవు పెట్టుకునే పనే లేదు. ఈ పని చుట్టూ ఉన్న మాటలన్నీ ఇట్లాగే ఉన్నాయి. మనం కొలిమి అంటే కన్నడంలో కులుమె. తిత్తి అంటే తిది. మూస అంటే మూసె. సుత్తి అంటే సుత్తిగె. కమ్మరి అంటే కమ్మార. ఒక్క తేడా ఉంది: కన్నడంలో 'ఉక్కు' క్రియ కూడా, పాలు పొంగితే 'ఉక్కింది' అంటారు. మన ఇండ్లలో చాలామంది ఆ అలవాటుతో తెలుగులోనే "పాలు ఉక్కినాయి" అనేస్తారు, ఊరి నుంచి వచ్చిన చుట్టాలు నవ్వుతారు. తెలుగులో ఉక్కు అంటే బలం, పౌరుషం కూడా. అందుకే ఓడినవాణ్ణి 'ఉక్కడగినాడు' అంటారు.

అరబ్బీలో కూడా ఇట్లాంటి గుర్తు ఒకటి మిగిలింది. 'ముహన్నద్' అంటే హిందూదేశపు ఉక్కుతో చేసిన కత్తి. కత్తి చేసిన ఊరిది కాకుండా ఉక్కు వచ్చిన దేశం పేరే దానికి నిలిచింది. యూరప్‌వాళ్లు మాత్రం దాన్ని 'డమాస్కస్ కత్తి' అన్నారు. డమాస్కస్ సంతలో కొన్నందుకు ఆ పేరు వచ్చిందని కొందరు, అరబ్బీలో నీటికి సంబంధించిన మాట నుంచి వచ్చిందని ఇంకొందరు చెప్తారు. ఎట్లా వచ్చినా, ఆ పేరు వల్ల మూస పెట్టిన ఊరు కనిపించకుండా పోయింది.

మూసలో ఏముండేది

ఇప్పుడు అసలు పని చూద్దాం. మామూలు కొలిమిలో ఇనుప రాయిని బొగ్గుతో కాల్చితే ఇనుము పూర్తిగా కరగదు. ముద్దగా, మెత్తగా, లోపల చిట్టెంతో వస్తుంది. దాన్ని సమ్మెటతో కొట్టి చిట్టెం వదిలిస్తే పార, పలుగు, నాగలి కర్రు చేసుకునే ఇనుము అవుతుంది. అది మెత్తది, పదును నిలవదు. ఉక్కు కావాలంటే దానిలోకి కర్బనం ఎక్కాలి. ఎంత ఎక్కాలి, అంతటా సమంగా ఎట్లా ఎక్కాలి అన్నదే కష్టమైన పని.

మన కమ్మరులు దీనికి మూసను వాడారు. మట్టిలో వడ్ల ఊక కలిపి, చిన్న మూసలు చేసేవాళ్లు. ఊక కాలినా దాని ఇసుక లాంటి అస్థిపంజరం మట్టిలోనే నిలిచి, అంత మంటలోనూ మూస కరిగి కూలకుండా కాపాడేది. చిత్రదుర్గం జిల్లా గట్టిహొసహళ్లిలో, నిజామాబాదు జిల్లా కోనసముద్రంలో దొరికిన పాత మూసల ముక్కలను ఇప్పటి శాస్త్రవేత్తలు సూక్ష్మదర్శినిలో చూస్తే ఊక జాడ ఇంకా కనబడుతోంది. వడ్లు దంచినాక పారేసే పొట్టుతో ఇట్లాంటి పని చేయించారంటే ఎన్ని మూసలు పగిలినాక అది తెలిసిందో మనమే ఊహించుకోవచ్చు.

ఆ మూసలో మెత్తని ఇనుప ముక్క పెట్టి, పక్కన తంగేడు పుల్లలు, పైన పచ్చి ఆకులు వేసి, మట్టితో మూత మూసేవాళ్లు. టిప్పు పడిపోయిన మరుసటేడు, 1800లో, ఫ్రాన్సిస్ బుకానన్ మైసూరు సీమలో తిరిగాడు. ఇప్పటి తుమకూరు జిల్లాలోని చిన్నరాయనదుర్గం దగ్గర ఈ పనిని చూసి రాసుకున్నాడు. పావగడ, మధుగిరి వైపు తెలుగు మాట్లాడే ఇండ్లు ఇప్పటికీ ఉన్నాయి కదా, ఆ సీమే. 1839లో జోసయా మార్షల్ హీత్ తమిళ దేశం వైపు పద్ధతి రాస్తూ, తంగేడు కట్టె మీద జిల్లేడు ఆకులు కప్పేవాళ్లని చెప్పాడు.

తంగేడు, జిల్లేడు మనకు తెలియనివి కావు. తంగేడు పూలు లేకుండా తెలంగాణలో బతుకమ్మ లేదు. దాని చెక్క తోళ్లు ఊనడానికి పనికొస్తుంది. రథసప్తమి నాడు జిల్లేడు ఆకులు తల మీద పెట్టుకొని స్నానం చేస్తాం. బయటనుంచి చూసినవాడికి ఇదంతా మూలికల మంత్రంలాగానే కనబడుతుంది. లోపల జరిగేది వేరు. మూత మూసిన మూసలో గాలి ఆడదు కాబట్టి కట్టె, ఆకు బూడిద కావు, బొగ్గు అవుతాయి. ఆ బొగ్గులోని కర్బనం ఇనుములోకి ఎక్కుతుంది. మామూలు ఇనుము కరగాలంటే 1,538 డిగ్రీల వేడి కావాలి. కర్బనం నూటికి ఒకటిన్నర వంతు ఎక్కితే దాదాపు 1,400 డిగ్రీలకే కరిగిపోతుంది. తిత్తితో ఆ వేడిని అందుకోవచ్చు. అంటే ఇనుమును ఉక్కుగా మార్చేదీ, మూసలో కరిగించేదీ ఆ తంగేడు పుల్లే.

అన్ని ఊళ్ల పద్ధతీ ఒకటే కాదు. హీత్ చూసిన చోట రెండున్నర గంటల్లో పని అయ్యేది. కోనసముద్రంలో అట్లా కాదు. లాంబ్టన్ సర్వేలో పనిచేసిన హెన్రీ వాయ్‌సీ అనే భూగర్భ శాస్త్రవేత్త అక్కడి పనిని చూసి రాసింది, ఆయన పోయిన తర్వాత 1832లో అచ్చయింది. అక్కడ రెండు చోట్ల నుంచి తెచ్చిన రెండు రకాల ఇనుమును కొలత ప్రకారం కలిపేవాళ్లు. 24 గంటలు మంట ఆగేది కాదు. వచ్చిన ముద్దలకు మట్టి పూసి, మళ్ళీ కొలిమిలో గంటల తరబడి ఉంచి మెత్తబరిచేవాళ్లు, చాలకపోతే అదే పని మళ్ళీ చేసేవాళ్లు. సరుకు కోసం ఇస్ఫహాన్ నుంచి ఒక పర్షియా వర్తకుడు అక్కడిదాకా వచ్చి దగ్గరుండి తూకాలు చూసుకున్నాడట. అంతకు నూట యాభై ఏండ్లకు పైగా ముందే తావర్నియే అనే ఫ్రెంచి వర్తకుడు, పర్షియాలో అలల గీతలు తేలే ఉక్కు గోల్కొండ రాజ్యం నుంచే వస్తుందని రాసి పెట్టాడు.

మేము పొట్టకూటికి చేసేది సాఫ్ట్‌వేర్ టెస్టింగు. అందుకే హీత్ రాసినదాంట్లో మమ్మల్ని పట్టి నిలబెట్టింది ఇంకో సంగతి. మూస చల్లారినాక పగలగొట్టి, ముద్ద పై ముఖం చూసేవాళ్లు. నడిమి నుంచి అంచులదాకా సన్నని గీతలు బండి చక్రం ఆకుల మాదిరి పరుచుకొని ఉంటే లోపల అంతా సరిగ్గా కరిగి గడ్డకట్టిందని లెక్క. పైన బొక్కలు పడి, గరుకుగా ఉంటే సరిగ్గా కరగలేదని లెక్క. కంటితో చూసి పాసా ఫెయిలా తేల్చే పరీక్ష అది. మంత్రం మీద నమ్మకముంటే పరీక్ష ఎందుకు? ప్రతి ముద్దనూ పరీక్షించారంటే, పని చెడే అవకాశముందని వాళ్లకు తెలుసు, ఎట్లా చెడుతుందో కూడా తెలుసు.

అలలు ఎట్లా వచ్చినాయి

ముద్ద చేయడం సగం పనే. దాన్ని కత్తిగా సాగగొట్టడం ఇంకో సగం. యూరప్ కమ్మరులు ఈ ముద్దలను తమ అలవాటు ప్రకారం తెల్లగా కాలేదాకా కాచి సమ్మెట వేస్తే అవి పొడిపొడిగా చితికిపోయేవి. కర్బనం అంత ఉన్న ఉక్కును ఎర్రని వేడి దగ్గరే, ఓపికగా, కొంచెం కొంచెంగా కొట్టాలి. ఆ సంగతి తెలిసిన పర్షియా, సిరియా కమ్మరులే పేరున్న కత్తులు చేశారు. వాళ్ల పనితనం తక్కువదని మేము అనడం లేదు. ఆ కత్తిలో రెండు దేశాల చేతులున్నాయి అంటున్నాం, అంతే.

యూరప్‌లో ఈ రహస్యం వెనకాల పడినవాళ్లలో పెద్ద పేర్లున్నాయి. మైకేల్ ఫారడే కరెంటు జోలికి పోకముందే, 1819లో, మన ఉక్కును విడగొట్టి చూశాడు. ఆయన తండ్రి కమ్మరి. అల్యూమినా, సిలికా వల్ల దీనికి ఈ గుణం వచ్చిందని ఫారడే అనుకున్నాడు, అది నిలబడలేదు. కానీ ఆ దారిలోనే ఆయన, స్టోడార్ట్ అనే కత్తుల పనివాడితో కలిసి ఉక్కులో వేరే లోహాలు కలిపి చూసే పని మొదలుపెట్టాడు. రష్యాలో ఉరల్ కొండల దగ్గర జ్లాతవుస్త్‌లో పావెల్ అనోసవ్ ఏండ్ల తరబడి ప్రయత్నించి, 1841లో దాని మీద పుస్తకమే వేశాడు.

గీతల సంగతి బాగా తేలింది 1998లో. అమెరికాలో జాన్ వెర్‌హూవెన్ అనే లోహశాస్త్రవేత్త, ఆల్‌ఫ్రెడ్ పెండ్రే అనే కమ్మరి కలిసి ఈ ఉక్కును మళ్ళీ చేసి చూపించారు. అలల గీతలంటే ఉక్కులో గట్టి కర్బన సమ్మేళనపు రేణువులు వరసలు కట్టడమే. ఆ వరసలు కట్టాలంటే ఇనుములో వెనేడియం లాంటి లోహం రవ్వంత ఉండాలి. లక్ష పాళ్లలో నాలుగు పాళ్లున్నా చాలు. కొన్ని గనుల రాయిలో అది ఉంటుంది, కొన్నిటిలో ఉండదు. కమ్మరి దాన్ని చూడలేడు, పేరు పెట్టలేడు. ఫలానా చోటి ఇనుమే కావాలి, ఫలానా పాళ్లలోనే కలపాలి అని మాత్రం తెలుసుకోగలడు. కోనసముద్రంలో రెండు చోట్ల ఇనుమును కొలిచి కలిపింది కూడా ఇట్లా అనుభవం నేర్పిన లెక్కేనని మాకు అనిపిస్తుంది.

ఈ పరిశోధనా వ్యాసం మీద శాస్త్రవేత్త పేరుతో పాటు కమ్మరి పేరు కూడా ఉంది. మన ఉక్కు చరిత్రలో డాక్టర్ల పేర్లు, సర్వేయర్ల పేర్లు, వర్తకుల పేర్లు దొరుకుతాయి. మూస కట్టినవాడి పేరు, తిత్తి ఊదినవాడి పేరు మనదాకా రాలేదు. మంత్రం కథ ఆ ఖాళీలోనే మొలిచింది. చేసిన మనిషి కనబడకపోతే, వస్తువు దానంతట అదే మహిమ గలదైపోతుంది.

విద్య ఎందుకు పోయింది

నవలలో ప్రళయం వచ్చి ఒక్కరోజులో విద్య పోతుంది. ఇక్కడ ఏ ప్రళయమూ రాలేదు, అది మెల్లగా పోయింది. తుపాకీ వచ్చినాక కత్తికి గిరాకీ తగ్గింది. సంస్థానాలు కూలిపోయి, సైన్యాలు రద్దయి, ఆయుధాలు చేయించుకునేవాళ్లు తగ్గారు. ఇంగ్లండులో షెఫీల్డ్ ఉక్కు, 1856 తర్వాత బెస్సెమర్ పద్ధతి ఉక్కు టన్నుల లెక్కన ఓడల్లో దిగింది. కిలో లోపు బరువుండే మూస ముద్ద దాని ధరతో పోటీ పడలేదు. 1865, 1878 అడవి చట్టాలతో బొగ్గుకు కట్టె దొరకడం కష్టమైంది. పాత గని అయిపోయి కొత్త చోటి రాయి వాడితే, అంతా అదే పద్ధతిలో చేసినా గీతలు రాకపోయి ఉండవచ్చునని వెర్‌హూవెన్ ఊహించారు. మా పనిలో ఇది రోజూ చూసేదే: కోడ్‌లో ఒక్క అక్షరం మారదు, కింద ఎవరూ రాసిపెట్టని ఒక చిన్న ఆధారం మారుతుంది, అంతా ఆగిపోతుంది.

19వ శతాబ్దం చివరికి ఈ కొలిములు దాదాపు ఆరిపోయినాయి. కమ్మరులు ఎక్కడికీ పోలేదు. రైలు పట్టా ముక్కలను, బండి స్ప్రింగులను సాగగొట్టి కొడవళ్లు, గొడ్డళ్లు చేస్తూ బతికారు. మైసూరు సీమలో మళ్ళీ ఇనుము పని పెద్ద ఎత్తున మొదలైంది భద్రావతిలో. 1918లో తలపెట్టిన ఆ కార్ఖానాలో 1923లో ఇనుము తీశారు. దాని వెనకాల ఉన్న విశ్వేశ్వరయ్యగారి పూర్వీకులు ఆంధ్రలోని మోక్షగుండం నుంచి వచ్చి ముద్దేనహళ్లిలో స్థిరపడినవాళ్లు. మన మాదిరే వలస వచ్చిన తెలుగు ఇల్లు అది. మొదట్లో భద్రావతిలోనూ ఇనుము తీసింది కట్టె బొగ్గుతోనే.

మనం చేయగలిగింది

వాట్సాప్‌లో ఈ ఉక్కు మీద రెండు రకాల మెసేజీలు తిరుగుతుంటాయి. మన ఋషులు మంత్రాలతో చేశారు, తెల్లవాళ్లు దొంగిలించారు అన్నది ఒకటి. ఇదంతా ఉత్త గొప్పలు, ఇక్కడ ఏమీ లేదు అన్నది ఇంకొకటి. రెండూ కమ్మరిని మరిచిపోతాయి. పిల్లలు వలీరియన్ ఉక్కు గురించి అడిగినప్పుడు, కథను కథగా చదవనిద్దాం. చదివినాక మూస గురించి, ఊక గురించి, తంగేడు పుల్ల గురించి చెప్దాం. మంత్రం కంటే అదే ఎక్కువ ఆశ్చర్యంగా ఉంటుంది.

తమిళనాడులో ఉన్న మన చుట్టాలకు ఈరోడ్ జిల్లా కొడుమణల్ దగ్గర. అక్కడ క్రీస్తుకు ముందటి కాలపు ఇనుము పని జాడలు తవ్వకాల్లో బయటపడినాయి. కర్ణాటకవాళ్లకు గట్టిహొసహళ్లి ఉంది, తెలంగాణ వైపు వెళ్లేవాళ్లకు కోనసముద్రం ఉంది. ఇవే కాకుండా చాలా ఊళ్ల పొలిమేరల్లో నల్లగా, బరువుగా, బుడగలు బుడగలుగా చిట్టెం రాళ్ల దిబ్బలున్నాయి. మన పెద్దవాళ్లు వాటిని చిట్టెం దిబ్బ అంటారు, కన్నడంలో చిట్టేన్నే కిట్ట అంటారు. అట్లాంటి దిబ్బ కనబడితే ముక్కలు ఏరి ఇంటికి తేవద్దు. ఊరు పేరు, ఏ చెరువు కట్ట పక్కన, ఏ గుడి వెనకాల అన్నది రాసిపెట్టుకొని పురావస్తు శాఖకు చెప్పండి. రోడ్లకు మట్టి తోలేటప్పుడు మొదట పోయేవి ఇవే.

ఇంకొకటి కూడా చేయవచ్చు. మీ ఇంట్లోగానీ, పక్కింట్లోగానీ కొలిమి పని చేసిన పెద్దవాళ్లుంటే, వాళ్లు వాడే మాటలు అడగండి. ఏ రంగు వేడికి ఏ పేరు, నీళ్లలో ముంచడాన్ని ఏమంటారు, పదును చెడితే ఏమంటారు. ఏ భాషలో చెప్తే ఆ భాషలోనే రాసుకోండి. పక్కన చెప్పినవాళ్ల పేరు కూడా రాయండి.